కదిలినవాడి మీదికే

చీకటి పడ్డాక కదలకూడదని మా అమ్మాయి నాకు నేర్పింది ఆ ఎండాకాలం సెలవుల్లోనే. నిజం చీకటి కాదు, ఆటలో చీకటి. ఫోన్లో ఆడే ఆట అది. మనల్ని తీసుకెళ్ళి ఒక దీవి మీద కట్టుబట్టలతో పడేస్తారు. కట్టెలు కొట్టుకోవాలి, చేపలు పట్టుకోవాలి, చుట్టూ కంచె వేసుకోవాలి. పావుగంటకోసారి అందులో పొద్దు గుంకుతుంది. గుంకిందే తడవుగా అడవిలోంచి అవి వస్తాయి. వాటికి కళ్ళుండవు, చేటలంత చెవులుంటాయి. వాటికేదో అసలు పేరు ఉంది కానీ మా ఇంట్లో ఎవరికీ నోరు తిరగలేదు. మా చిట్టి చెవులోళ్ళని పేరు పెట్టింది, అదే ఖాయమైపోయింది.

చిట్టికి అప్పుడు పదకొండేళ్ళు. బళ్ళో లెక్కలు చేయమంటే పెన్సిల్ దొరకదు గానీ, చెవులోళ్ళ బారిన పడకుండా ఎలా బతకాలో మాత్రం పాత నోటుబుక్కులో వరసగా రాసుకుంది. పరిగెత్తకూడదు. గొడ్డలి ఎత్తకూడదు. దగ్గర్లో పొద ఉంటే అందులో గొంతుక్కూర్చోవాలి. అవి పక్కనుంచి ఊపిరి వదులుతూ పోతాయి, పోనివ్వాలి. ఆ జాబితాలో నాకు బాగా నచ్చింది ఒకటుంది. ఇద్దరున్నచోటికి వస్తే కదిలినవాడి మీదికే పోతాయి, రెండోవాడి జోలికి రావు. నేను వెంటనే రెండోవాణ్ణి అయిపోయాను.

మొదటివాడు మా బావమరిది. మా ఆవిడకి ఒక్కగానొక్క తమ్ముడు, మా ఇంట్లోనే ముందుగదిలో ఉండేవాడు. ఇరవయ్యారేళ్ళవాడు, పెళ్ళి కాలేదు, కాలు ఒకచోట నిలవదు. సాయంత్రం పనినుంచి వచ్చి, స్నానాలయ్యాక, ముగ్గురం మూడు ఫోన్లు పట్టుకుని చాప మీద కూర్చునేవాళ్ళం. పొద్దు గుంకగానే వాడు కంచె దూకి పరుగెత్తేవాడు. చెవులోళ్ళన్నీ వాడి వెంట పడేవి. వాడు దీవి చుట్టూ తిప్పి తిప్పి, సముద్రం ఒడ్డున ఎక్కడో చచ్చిపోయి, చేతిలో ఉన్నవన్నీ పోగొట్టుకుని మళ్ళీ మొదటికొచ్చేవాడు. ఈలోగా నేనూ చిట్టీ క్షేమంగా తెల్లవారేదాకా గొంతుక్కూర్చునేవాళ్ళం. ఆ సెలవులన్నాళ్ళలో నేను చచ్చింది ఒక్కటే ఒక్కసారి, ఆ సంగతి తర్వాత చెబుతాను.

మా ఆవిడ వంటింట్లోంచి చూసి నవ్వేది. ప్రాణాలిచ్చేది మా తమ్ముడు, పొదలో దాక్కుని బతికేది మీరు, బాగుంది వరస అనేది. నేనూ నవ్వేవాణ్ణి. తెలివైనవాడెప్పుడూ కూర్చునే గెలుస్తాడని చిట్టికి నీతులు కూడా చెప్పాను. అవి తలుచుకుంటే ఇప్పుడు చెవులు కాలతాయి.

నేనూ మా బావమరిదీ పనిచేసేది ఒక్కచోటే, కళ్ళద్దాలు తయారుచేసే షాపులో. ముందు కౌంటరు, వెనక పొడుగాటి గది. ఆ గదిలో కిటికీ పక్క బల్ల నాది. వచ్చిన లెన్సుని మిషన్లో పెట్టి, అందులో పవరు ఏటవాలు ఎటు ఉండాలో చూసి, దాని మీద మూడు సిరాచుక్కలు పెట్టడం నా పని. ఆ చుక్కల ప్రకారం లెన్సుని ఫ్రేముకి సరిపడా కోసి బిగించడం మా బావమరిది పని. వాణ్ణి ఆ పనిలోకి తెచ్చింది నేనే, నేర్పింది నేనే. రెండేళ్ళు తిరక్కుండానే నన్ను మించిపోయాడు. వాడు కోసిన అద్దం ఫ్రేములో కూర్చుంటే మధ్యలో వెంట్రుక దూరదు. మిషను మీద నీళ్ళు జారుతుంటే వేళ్ళ చివరలతోనే అంచు ఎంతవరకు వచ్చిందో చెప్పేసేవాడు. ఆ పని తప్ప వాడికి మరో ధ్యాస లేదు. పెద్దయ్యాక ఏమవుతావురా అని చిట్టి వాణ్ణి వెక్కిరిస్తే, ఇదే అవుతా అనేవాడు.

మా షాపులో ఒక పద్ధతి ఉంది. ప్రతి జతకీ ఒక చీటీ ఉంటుంది. చుక్కలు పెట్టినవాడు ఆ చీటీ మీద రెండు గుండ్రాలు గీసి, వాటిలో ఏటవాలు ఎటుందో గీత గీయాలి. కోసేవాడు ఆ గీత చూసి బిగించాలి. లెన్సు కోశాక చుక్కలు తుడిచేస్తారు, ఇక చీటీ ఒక్కటే సాక్ష్యం. పనైపోయిన చీటీలన్నీ గోడ పక్కన ఇనప చువ్వకి గుచ్చేస్తాం.

సెలవులు మొదలైన రెండోవారంలో చిట్టి మధ్యాహ్నాలు ఈత నేర్చుకోవడానికి వెళ్ళేది. ఎవరూ లేకపోతే కంచె విరగ్గొడతాయి నాన్నా, ఒక్క గంట కాపలా కాయి అని నన్ను బతిమాలింది. నేను ఫోనుని పాలిష్ డబ్బాకి ఆనించి, ఒక కన్ను దాని మీద, ఒక కన్ను లెన్సు మీద పెట్టాను. చెవులోళ్ళు కంచె చుట్టూ తిరుగుతున్నాయి. నేను కదలకుండా ఊపిరి బిగబట్టి కూర్చున్నాను. ఆ బిగబట్టుకోవడంలోనే ఒక జత లెన్సులు మిషన్లో వెనకది ముందుకి తిప్పి పెట్టాను. మా పనిలో మొదటివారం కుర్రాళ్ళు చేసే పొరపాటు అది. ముందువెనకలు మారితే కుడికి వాలాల్సిన గీత ఎడమకి వాలుతుంది. చుక్కలు పెట్టాను, చీటీ మీద గీతలు కూడా అటే గీసి పక్కకి తోశాను. మా బావమరిది రెండడుగుల దూరంలో కూర్చుని నా ఫోను చూసి నవ్వి, చీటీలో ఉన్నట్టే కోసి బిగించాడు.

ఆ కళ్ళద్దాలు ఇళ్ళకి రంగులు వేసే మేస్త్రివి.

మూడు వారాల తర్వాత ఒక పొద్దున అతని భార్య వచ్చింది. గొంతు పెంచలేదు. కళ్ళద్దాలు కౌంటరు మీద పెట్టి, ఇవి పెట్టుకున్న దగ్గర్నుంచీ నేల ఒక పక్కకి ఒరిగినట్టుందంటున్నాడు, అలవాటవుతుందిలే అని నేనే సర్దిచెప్పాను అంది. నిచ్చెన దిగుతుంటే మెట్టు లేనిచోట ఉందనుకుని కాలు పెట్టాడట. తుంటి ఎముక విరిగింది. మళ్ళీ నిచ్చెన ఎక్కగలడో లేదో డాక్టర్లు చెప్పలేకపోతున్నారట.

మా ఓనరు పెద్దాయన, మాట తక్కువ మనిషి. ఆ అద్దాలు తనే మిషన్లో పెట్టి చూశాడు. రెండుసార్లు చూశాడు. వెనకగదిలోకి వచ్చి, ఏటవాలు అటుది ఇటైంది, ఇది ఎవరు చేశారు అని అడిగాడు.

గదిలో మిషన్లు ఆగిపోయాయి. మా బావమరిది లేచి నిలబడ్డాడు.

"కోసింది నేనే సార్," అన్నాడు.

అది వాడి వంతు నిజం. ఆ మాట అని నావైపు చూశాడు. మిగతా నిజం నా దగ్గర ఉంది. గుర్తు పెట్టింది నేను. మూడే మాటలు. నా చేతిలో ఒక లెన్సు ఉంది, దాన్ని మెత్తటి గుడ్డతో తుడుస్తున్నాను. తుడుస్తూనే ఉన్నాను.

ఓనరు వాడి ముందుకెళ్ళి నిలబడ్డాడు. చీటీ చూసి కోశావా, చూడకుండా కోశావా అని అడిగాడు. చూసే కోశానన్నాడు వాడు. అయితే ఆ చీటీ తియ్యమని ఓనరు నాకే చెప్పాడు, అందరిలోకీ పాతవాణ్ణి కదా. పదిహేడేళ్ళ మనిషిని. నేను చువ్వ దగ్గరికెళ్ళి ఒక్కొక్క చీటీ తీస్తూ వచ్చాను. దొరికింది. నా గీతలు నా కళ్ళముందు ఎడమకి వాలి ఉన్నాయి. దాన్ని అరచేతిలో మడిచేశాను.

"కనబడటం లేదు సార్," అన్నాను.

మా బావమరిది నా మొహం చూడలేదు. నా పిడికిలి చూశాడు. తర్వాత ఆ చూపు నేల మీదికి దించేశాడు. నేను వాణ్ణి అడగలేదు, బతిమాలలేదు, కన్ను గీటలేదు. వాడంతట వాడే నోరు మూసుకున్నాడు. చీటీ లేకపోతే తప్పు కోసినవాడిదే. ఆ మధ్యాహ్నమే ఓనరు పొమ్మంటే, వాడు తన వేళ్ళ తొడుగులు, చిన్న స్క్రూడ్రైవరు సంచీలో వేసుకుని వెళ్ళిపోయాడు. కళ్ళద్దాల షాపులన్నీ ఒకే వీధిలో ఉంటాయి. సాయంత్రానికి వీధి చివరిదాకా పాకింది, ఫలానావాడు తప్పుడు అద్దం కోసి మనిషి తుంటి విరగ్గొట్టాడని. ఇక ఏ షాపువాడూ వాణ్ణి మిషను ముందు కూర్చోనివ్వడు.

ఇంట్లో సంగతి తెలిసి మా ఆవిడ తమ్ముణ్ణి పట్టుకుని కడిగేసింది. మనిషి కాలు విరిగేదాకా నీ ధ్యాస ఎక్కడుందిరా, మీ బావ పరువేం కావాలి, తెచ్చి పెట్టినవాడి తల ఎక్కడ పెట్టుకోవాలి అంది. నేను పక్కనే కంచం ముందు కూర్చుని ఉన్నాను, తేలు కుట్టిన దొంగలా. వాడు "పొరపాటైంది అక్కా" అని, అన్నం కలుపుకుని తిన్నాడు. నేను కూడా తిన్నాను. గొంతు దిగలేదని చెబితే బాగుంటుంది గానీ, దిగింది.

చేతులు కడుక్కునేచోట వాడొక్కడే ఉన్నప్పుడు వెళ్ళి, రేపు సార్‌తో మాట్లాడతానురా అన్నాను. సరే బావా అన్నాడు. మర్నాడు ఓనరు మేస్త్రిని చూడటానికి ఆసుపత్రికి వెళ్ళాడు, షాపుకి రాలేదు. ఆ మర్నాడు వచ్చాడు గానీ చిరాగ్గా ఉన్నాడు. ఆ పై రోజు కౌంటరు నిండా జనం. రేపు అనే మాట ఉంది చూశారూ, దానంత మెత్తటి పరుపు ఇంకోటి లేదు. ఈలోగా జేబులో ఉన్న చీటీ గుచ్చుకుంటున్నట్టుండి, ఒక పొద్దున దాన్ని మిషన్ల కింద నీళ్ళతొట్టిలో పడేశాను. తెల్లటి గాజుపిండిలో సిరా కరిగిపోయేదాకా నిలబడి చూశాను.

వాడు వారం రోజులు వీధి వీధీ తిరిగాడు. తర్వాత ఊరి చివర ఐసు ఫ్యాక్టరీలో దిమ్మలు లాగే పనిలో చేరి, అక్కడే గది తీసుకున్నాడు. అక్క తిట్లకి వెళ్ళిపోయాడని మా ఆవిడ అనుకుంది, అనుకుని ఏడ్చింది. నేను ఓదార్చాను.

ఆట మాత్రం మానలేదు. సాయంత్రం కాగానే చిట్టి వాడికి ఫోన్ చేసి, లౌడ్‌స్పీకరు పెట్టి చాప మీద ఉంచేది. వాడు అక్కణ్ణించే దీవి మీదికి వచ్చేవాడు. పొద్దు గుంకగానే ఎప్పట్లాగే కంచె దూకేవాడు. ఒకరోజు నేను ఉండబట్టలేక, వాడికన్నా ముందే లేచి పరుగెత్తాను. చెవులోళ్ళన్నీ నా వెంట పడ్డాయి. పది అంగల్లో నన్ను పట్టుకుని పీకి పెట్టాయి. నాన్న చచ్చిపోయాడోచ్ అని చిట్టి చప్పట్లు కొట్టింది. నాకు మాత్రం కాసేపు గుండె తేలికైనట్టనిపించింది. ఆటలో చచ్చి అప్పు తీర్చుకుందామనుకున్న మనిషిని నేను.

సెలవులు ఇంకో నాలుగు రోజుల్లో అయిపోతాయనగా మా ఆవిడ తమ్ముడికి ఉతికిన దుప్పట్లు ఇచ్చి రమ్మని పంపింది. ఐసు ఫ్యాక్టరీలో బయట ఎండ మండుతుంటే లోపల మోకాళ్ళదాకా చలి. వాడు గోనెపట్టా భుజాన వేసుకుని, ఇనప కొక్కెంతో దిమ్మని బల్లమీంచి లాగుతున్నాడు. నన్ను చూసి కొక్కెం కింద పెట్టి వచ్చాడు. రా బావా అని స్టూలు తుడిచి వేశాడు. చిట్టి ఈత ఎంతదాకా వచ్చిందని అడిగాడు. మాట్లాడుతూ మాట్లాడుతూ నా కళ్ళద్దాల వైపు చూసి, కాడ వదులైంది, ఇలా ఇవ్వు అన్నాడు. నా కళ్ళద్దాలు బిగించేది ఎప్పుడూ వాడే. జేబులోంచి ఆ చిన్న స్క్రూడ్రైవరు తీశాడు, దాన్ని ఇంకా వెంటే తిప్పుకుంటున్నాడు. వాడి వేళ్ళు వాచి, చివరలు పగిలి, తెల్లగా పాలిపోయి ఉన్నాయి. స్క్రూ పట్టు దొరకలేదు. రెండుసార్లు జారింది. మూడోసారి తడినేల మీద పడిపోయింది.

వాడు మోకాళ్ళ మీద కూర్చుని దాని కోసం వెతకసాగాడు. ఇప్పుడే దొరుకుతుంది బావా, ఇప్పుడే దొరుకుతుంది అంటూ చేత్తో నేల తడుముతున్నాడు. వాడి వేళ్ళకి స్పర్శ తెలియడం లేదు. స్క్రూ మీద చెయ్యి పెట్టి కూడా తెలుసుకోలేక పక్కకి పోయాడు. నేను చూశాను. నేనే తీశాను. నాకు ఆ క్షణాన ఎంత సిగ్గేసిందో చెప్పలేను. ఆ వేళ్ళు అద్దం అంచుని చూపు లేకుండా చదివిన వేళ్ళు.

మర్నాడు పొద్దున ఓనరు కుర్చీలో కూర్చోకముందే వెళ్ళి నిలబడ్డాను. అంతా చెప్పాను. ఫోను సంగతి, లెన్సు తిరగేసిన సంగతి, చీటీ దాచిన సంగతి. ఆయన కళ్ళద్దాలు తీసి బల్లమీద పెట్టి, చివరిదాకా విన్నాడు.

"ఏదీ, ఆ చీటీ?" అన్నాడు.

నీళ్ళలో పడేశానన్నాను. ఆయన మెల్లిగా నవ్వాడు.

"పదిహేడేళ్ళలో నీ గీత ఒక్కసారి తప్పలేదు. లెన్సు తిరగేసి పెట్టావంటే నేను నమ్మాలా? బావమరిది కోసం ఇంతకి తెగించావు, సంతోషం. కానీ నీకు అబద్ధమాడటం చేతకాదయ్యా."

అబద్ధం కాదు సార్ అన్నాను, ఒకసారి. ఆయన భుజం తట్టాడు. వెనకగదిలోకి వచ్చి అందరికీ వినబడేలా, బావంటే ఇలా ఉండాలి, వాడి తప్పు నెత్తిన వేసుకోవడానికి వచ్చాడు అన్నాడు. అందరూ నావైపు చూశారు. ఆ చూపుల్లో గౌరవం ఉంది. ఇంకోసారి గట్టిగా చెప్పొచ్చు. రంగుల మేస్త్రి ఇంటికెళ్ళి ఆ మంచం పక్కన నిలబడి చెప్పొచ్చు. వీధిలో షాపు షాపుకీ వెళ్ళి చెప్పొచ్చు. నేను నా బల్ల దగ్గరికెళ్ళి కూర్చున్నాను. నిజం చెప్పేశాను, నమ్మకపోతే నేనేం చెయ్యను అనుకున్నాను. ఆ అనుకోవడంలో ఎంత హాయి ఉందో, అంత హాయి ఆ వేసవిలో మరెక్కడా దొరకలేదు. దాచినందుకన్నా ఆ హాయికే నాకు ఎక్కువ సిగ్గు.

సాయంత్రం ఇంటికొచ్చేసరికి మా ఆవిడ గుమ్మంలోనే ఉంది. కళ్ళు తడిగా ఉన్నాయి. ఓనరు ఆమెకి ఫోన్ చేశాడట. పదమూడేళ్ళ కాపురంలో ఆమె నావైపు అలా చూడటం అదే మొదలు. నా చేతిలో సంచీ అందుకుని, మా వాడి కోసం మీ పేరు పోగొట్టుకోబోయారా అంది. అది కాదు, అసలు జరిగింది ఏంటంటే అని మొదలుపెట్టాను. నాకు తెలుసు, మీరేం చెప్పొద్దు అంది. నేనేం చెప్పలేదు.

లోపల చిట్టి అప్పటికే ఆట తెరిచి, మామయ్యకి ఫోన్ కలిపి చాప మీద పెట్టింది. మా ఆవిడ దాని పక్కన కూర్చుని, తమ్ముడికి సంగతంతా చెప్పింది. నీ తప్పు తనదని చెప్పడానికి మీ బావ వెళ్ళాడురా, ఓనరు నమ్మలేదు గానీ, ఆ మాట అనడానికి ఎంత గుండె కావాలి అంది. అటునుంచి ఐసు పగలగొట్టే చప్పుడు వినబడుతోంది. నేను చెప్పులు విప్పుతూ గుమ్మంలో ఆగిపోయాను. ఇప్పుడు వాడు చెప్పేస్తే బాగుండుననుకున్నాను, చెప్పకపోతే బాగుండునని కూడా అనుకున్నాను.

"అవునా అక్కా," అన్నాడు వాడు. "బావ మంచివాడే."

తర్వాత చిట్టితో, పొద్దు గుంకుతోంది, మీరు లోపలే ఉండండి అన్నాడు. ఆటలో వాడు పరుగెత్తడం మొదలుపెట్టాడు.

ఇది జరిగి పదకొండేళ్ళయింది. వాడు మళ్ళీ అద్దం ముట్టలేదు. ఐసు ఫ్యాక్టరీలోనే మిషన్లు చూసేవాడయ్యాడు, పెళ్ళి చేసుకున్నాడు, వచ్చినప్పుడల్లా చిట్టికి ఏదో ఒకటి తెస్తాడు. ఆ సంగతి నా దగ్గర ఒక్కసారి ఎత్తలేదు. రంగుల మేస్త్రి ఇప్పుడు తమ వీధిలో కుర్చీ వేసుకుని కూర్చుంటాడట. నేను ఆ వీధిన వెళ్ళను. మా ఆవిడ మాత్రం ఇంటికెవరొచ్చినా ఆ కథ చెబుతుంది. తమ్ముడి తప్పుని మా ఆయన తన మీద వేసుకోబోయాడు అని మొదలుపెడుతుంది. చిట్టి అప్పుడు లేచి పక్కగదిలోకి వెళ్ళిపోతుంది, ఆ మధ్యాహ్నం పనిలో ఉన్న నాతో కాపలా కాయించింది తనే కదా, ఏదో పసిగట్టే ఉంటుంది. ఎందుకు వెళ్ళావని నేను అడగను. కథ అయ్యేదాకా తల వంచుకుని కూర్చుంటాను. వచ్చినవాళ్ళు దాన్ని వినయం అనుకుంటారు.